పన్నెండో బండ

షార్జాలో నేను చేసిన పనుల్లో మెచ్చుకోళ్ళు వచ్చినవి చాలానే ఉన్నాయి. వాటిలో ఒక్కటీ సరిగ్గా గుర్తులేదు. గుర్తున్నదల్లా చెడగొట్టిన పని ఒకటే. మొన్న మా ఊరి నుంచి గల్ఫుకు పోతున్న నలుగురు పిల్లలు ఇంటికొచ్చి, అక్కడ పని ఎట్లుంటది కాకా, ఏం జాగ్రత్తలు తీసుకోవాలె అని అడిగారు. పాస్‌పోర్టు జాగ్రత్త, ఎండ జాగ్రత్త, ఏజెంటు జాగ్రత్త అని అందరూ చెప్పేవే చెప్పి పంపించాను. అసలు చెప్పాల్సింది చెప్పలేదు. అది చెప్పాలంటే ముందు ఫ్రాన్సు దేశంలో ఒక చిన్న ఊరి సంగతి చెప్పాలి, వాళ్ళకేమో బస్సుకు టైమవుతోంది. అందుకని ఇలా రాస్తున్నాను. ఓపికుంటే చదువుకోండి. రాయడానికి నాకూ అంత ఓపికేమీ లేదు.

రెండువేల రెండులో తాపీ మేస్త్రీగా పోయి షార్జా ఇండస్ట్రియల్ ఏరియాలో ఒక అచ్చుల కార్ఖానాలో పడ్డాను. విల్లాలకు, హోటళ్ళకు కావలసిన స్తంభాలు, సింహాలు, పూలకుండీలు, కమాన్లు అక్కడ సిమెంటుతో పోత పోసేవాళ్ళం. నా పని ఫినిషింగు. అచ్చులోంచి వచ్చిన పోతలో గుంట ఉంటే నింపాలి, గడ్డ ఉంటే గీకాలి, చేత్తో తడిమితే ఎక్కడా ఏమీ తగలకూడదు. గోరంత గుంట మిగిలినా తనిఖీకి వచ్చినవాడు ఎర్ర సుద్దతో అడ్డగీత కొట్టి పోయేవాడు. ఆ గీతలకు భయపడి భయపడి నాలుగేళ్ళలో నా కళ్ళు ఎలా తయారయ్యాయంటే, క్యాంపులో అన్నం తింటూ కూడా ఎదుటి గోడ మీద గుంటలు వెతికేవాణ్ణి. నా పక్కన అచ్చులు తీసేవాడు ఒక నెల్లూరాయన. తెలుగు ముస్లిం, నాకంటే పదేళ్ళు ముందొచ్చినవాడు, అరబ్బీ అంటే ఆయనకు మంచినీళ్ళ ప్రాయం. అందరికీ భాయ్, నాకూ భాయే. ఆ నాలుగేళ్ళూ ఒకే గిన్నెలో వండుకుని తిన్నాం.

రెండువేల ఆరులో దుబాయ్‌లో ఎవరో ఫ్రాన్సు ఊరి లాంటి బజారు ఒకటి కట్టడం మొదలుపెట్టారు. పోతల పని మాకొచ్చింది. ఆ పనితోపాటు ఒక ముసలాయన వచ్చాడు. డెబ్బైకి దగ్గర. ఎర్రటి మొహం, చేతులు మాత్రం మా చేతులే: గోళ్ళు విరిగి, వేళ్ళు వంకరపోయి ఉన్నాయి. బతుకంతా రాళ్ళు చెక్కినవాడట. మేం పెద్దాయన అనేవాళ్ళం. ఆయన వెనకాలే చెక్కపెట్టెల్లో, గడ్డిలో చుట్టి పన్నెండు బండలు ఓడ మీద వచ్చాయి. ఫ్రాన్సు దక్షిణాన, కొండల కింద ఉన్న ఆయన సొంత ఊళ్ళో ఆడవాళ్ళు బట్టలుతికిన బండలవి. అక్కడి బట్టలుతికే రేవు మీది కప్పు కూలిపోతే, బాగుచేయడానికి ఎలాగూ వాటిని పైకి తీశారు. కొత్త కప్పు వేసేలోగా మా దగ్గరికి తెచ్చి, అచ్చులు తీసి, పోతలు దుబాయ్ బజారులో పెట్టి, అసలు బండల్ని వెనక్కి పంపాలి. అదీ ఏర్పాటు.

ఊరివాళ్ళు మొదట ససేమిరా అన్నారట. ఆ రేవులో ఉతికిన ముసలమ్మలు ఇంకా ముగ్గురు బతికి ఉన్నారు. వాళ్ళలో అందరికంటే పెద్దావిడ కర్ర పొడుచుకుంటూ పంచాయతీ ఆఫీసుకు వచ్చి, ఎలా తీసుకెళ్తున్నావో అలాగే తెస్తానని మాటివ్వమందట. పెద్దాయన అందరి ముందూ మాటిచ్చి బయలుదేరాడు. ఈ సంగతి వచ్చిన మొదటి రోజే మాకు చెప్పాడు. ఆయన ఫ్రెంచిలో చెబితే మా ఆఫీసులోని ట్యునీషియా ఇంజినీరు అరబ్బీలో చెప్పేవాడు, అది విని భాయ్ నాకు తెలుగులో చెప్పేవాడు. అన్ని చేతులు మారి నా దగ్గరికి వచ్చేసరికి మాట కొంచెం అలిసిపోయేది గానీ, అర్థమైతే అయ్యేది.

"ఎట్టా తెచ్చాడో అట్టానే ఎత్తకపోవాలంట మేస్త్రీ. ఊరికి మాటిచ్చినాడంట" అన్నాడు భాయ్. నేను తలూపాను. ఆ ఊపిన తల తలుచుకుంటే ఇప్పటికీ నా మీద నాకే విసుగొస్తుంది.

ఇక్కడ నా సంగతి ఒకటి చెప్పాలి. మాది బట్టలుతికే ఇల్లు. మా అమ్మ వాగు ఒడ్డున ఊరందరి బట్టలూ ఉతికేది. ఆ పని వద్దనే పదహారేళ్ళకు తాపీ పట్టాను. క్యాంపులో ఎవరికీ, భాయ్‌కి కూడా, ఈ మాట చెప్పలేదు. అడిగితే వ్యవసాయం అనేవాణ్ణి. అంత దూరం విమానమెక్కి పోయి, నాలుగేళ్ళు సిమెంటు దుమ్ము మింగి, చివరికి మళ్ళీ ఉతుకుడు బండ ముందే కూర్చున్నాను. రాసిపెట్టి ఉంటే ఎక్కడికి పోతాం.

మధ్యాహ్నం అన్నం వేళ పెద్దాయన మా షెడ్డు నీడలోకి వచ్చి కూర్చునేవాడు. ఎయిర్‌కండిషన్ గది ఇచ్చినా అందులో ఉండేవాడు కాదు. మా పచ్చిపులుసు రుచి చూసి, కళ్ళనీళ్ళు తుడుచుకుని, మళ్ళీ గ్లాసు చాపాడు. అప్పుడే తన ఊరి కథలు చెప్పేవాడు. ఒకప్పుడు అది పట్టుపురుగుల ఊరట. ప్రతి ఇంటి అటక మీదా పురుగులు, గట్ల నిండా మల్బరీ చెట్లు. ఆడపిల్లలు కాగే నీళ్ళలో వేళ్ళు ముంచి పట్టుదారం తీసేవాళ్ళట. పురుగుకు రోగం వచ్చింది, వెనకాలే ద్రాక్షతోటలకు తెగులొచ్చింది. మిల్లు మూతపడ్డాక మగవాళ్ళు ఓడరేవు పట్నాలకు కూలికి పోయారు. మిగిలినవాళ్ళను మొదటి ప్రపంచయుద్ధం తీసుకుపోయింది. ఊరి నడుమ స్తంభం మీద చనిపోయినవాళ్ళ పేర్లు చెక్కి ఉన్నాయట. ఇప్పుడు ఊళ్ళో తిరిగే మగవాళ్ళకంటే ఆ స్తంభం మీదివాళ్ళే ఎక్కువ అన్నాడు. ఇంటింటికీ ఒకడు గల్ఫులో ఉన్న మా ఊరు గుర్తొచ్చింది. మాకు స్తంభమొకటే తక్కువ.

వాళ్ళు మనలా నిలబడి బట్టను బండకు బాదరు. ఒక చెక్కపెట్టెలో గడ్డి వేసుకుని, అందులో మోకాళ్ళ మీద కూర్చుని, బండ మీద బట్ట పరిచి రుద్ది, చేతిచెక్కతో కొడతారట. బూడిద నీళ్ళలో ఉడకబెట్టడం, చివర నీలిమందు పెట్టడం మాత్రం అచ్చం మా అమ్మే. బడిలో ఫ్రెంచి కాక ఇంటి భాష మాట్లాడితే పంతులు కొట్టేవాడట. పంతులు రేవుకు రాడు కాబట్టి ఆ భాష రేవులోనే ఎక్కువకాలం బతికిందట. ఎవరింట్లో జబ్బో, ఎవరింట్లో పురుడో, ఏ మొగుడూ పెళ్ళాం మాట్లాడుకోవడం లేదో బట్టలే చెప్పేవట. అది నాకెవరూ చెప్పనక్కర్లేదు. మా అమ్మకు మా ఊరి సర్పంచికంటే ఎక్కువ సంగతులు తెలుసు.

పన్నెండు బండల్లో పైనీళ్ళవి కలిగినవాళ్ళవి. కిందికి పోయేకొద్దీ లేనివాళ్ళవి. పన్నెండోది అందరి మురికీ దాటుకుని వచ్చిన నీళ్ళది. దాని ముందు కూర్చునేది ఊరి బట్టలు కూలికి ఉతికే మనిషి. ఆ మనిషి పెద్దాయన తల్లి, అంతకుముందు ఆమె తల్లి. ఈ మాట భాయ్ చెబుతున్నప్పుడు నేను అన్నం కంచంలోకే చూస్తూ కూర్చున్నాను.

రెండో ప్రపంచయుద్ధంలో ఊరి కుర్రాళ్ళు జర్మనులకు చిక్కకుండా కొన్నాళ్ళు కొండల్లో దాక్కున్నారట. కింద రేవులో చేతిచెక్కల చప్పుడు వినబడుతున్నంతసేపూ వాళ్ళకు భయం లేదు. చప్పుడు ఆగిందంటే సైనికులు వంతెన దాటారని అర్థం. వంతెనకు దగ్గరిది పన్నెండో బండ. కాబట్టి ముందు చెయ్యి ఆపేది ఆ తల్లి. ఆమె ఆపితే మిగతా పదకొండుమందీ ఆపేవాళ్ళు. అలా ఎంతమంది పిల్లల ప్రాణాలు దక్కాయో. యుద్ధమయ్యాక ఆమెను పైబండ దగ్గరికి రమ్మని ఎవరూ పిలవలేదట గానీ, పన్నెండో బండను మాత్రం ఊరికొచ్చిన ప్రతివాడికీ చూపించుకునేవాళ్ళట. లోకం ఎక్కడైనా ఒకటే.

ఆ బండ నడుమ గుంట పడింది. రెండు అరచేతులు పక్కపక్కన పెడితే పట్టేంత, ఎడమవైపు లోతు ఎక్కువ. తల్లి ఆ గుంటను రోజూ తిట్టేదని పెద్దాయన నవ్వుతూ చెప్పాడు. మురికినీళ్ళు అందులో నిలిచి, ఉతికిన బట్టకు మళ్ళీ అంటుకునేవట.

ఆ ఒక్క మాటే నా బుర్రలో పడింది. మా అమ్మ బండా అంతే. "బండ తిన్నది, నీళ్ళు నిలుస్తున్నయ్" అని ఏడాదికోసారి మా నాయన వెంట పడేది. రోళ్ళకూ తిరగళ్ళకూ గంట్లు కొట్టేవాళ్ళు ఊళ్ళోకి వస్తే, బతిమాలి వాళ్ళచేత బండ చదును చేయించుకునేది. ఆ రోజు ఆమె మొహం చూడాలి. అరిగిన రాయిని బాగు చేయించుకోవాలి. మాకు తెలిసిన మర్యాద అదే.

భాయ్ పన్నెండు బండలకూ రబ్బరు అచ్చులు తీశాడు. పోతలు పోశాం. తనిఖీవాడు వచ్చి పన్నెండో పోతలో గుంట చూసి ఎర్ర సుద్దతో అడ్డగీత కొట్టనే కొట్టాడు. అది కావాలనే ఉంచిందని ఇంజినీరు అరగంట నచ్చచెప్పాల్సి వచ్చింది. ఆ తర్వాత పెద్దాయన బజారుకు పరిచే రాళ్ళు చూడటానికి ఫుజైరా క్వారీలకు వెళ్ళాడు, వారం పని. పోతూ పోతూ, బండల్ని నీళ్ళతో కడిగి, గడ్డి పరిచి పెట్టెల్లో సర్దమని నాకు అప్పగించాడు. కార్ఖానాలో ఇంతమంది ఉండగా నాకే చెప్పినందుకు గర్వపడ్డాను కూడా.

పదకొండు బండలు కడిగి సర్దాను. పన్నెండోది మిగిలింది. భాయ్ ఆ రోజు జ్వరంతో క్యాంపులో ఉన్నాడు. బండ ముందు కూర్చున్నాను. అచ్చు తీయడం అయింది, పోత అయింది, ఇక ఈ గుంటతో ఎవరికీ పని లేదనుకున్నాను. పాపం ఆ తల్లి బతికినన్నాళ్ళూ తిట్టుకుంటూనే ఉతికింది, గంట్లు కొట్టేవాడైనా ఆ ఊరికి రాలేదు కాబోలు అనుకున్నాను. పెద్దాయన పెట్టె విప్పి చూసుకుంటే ఎంత సంబరపడతాడో అనుకున్నాను. గ్రైండరు తీశాను.

మెత్తని సున్నపురాయి, జున్నులా వచ్చింది. ఒక్క పూట పట్టింది. నీళ్ళు రేవులోకి జారేలా సన్నగా వాటం కూడా పెట్టాను. ఒక చెంబు నీళ్ళు పోసి చూస్తే చుక్క నిలవలేదు. సంతోషంతో నా కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి, దాచడమెందుకు. రాలిన పొడిని ఊడ్చి సంచికెత్తాను. మా దగ్గర రాతిపొడి పారెయ్యరు, పూతల్లోకి పనికొస్తుంది.

మర్నాడు భాయ్ వచ్చాడు. బండ చుట్టూ ఒకసారి తిరిగాడు.

"ఏంది మేస్త్రీ ఇది? గుంటేదీ?"

"మంచిగ చేసిన భాయ్. ఇగ నీళ్ళు నిలవయ్."

భాయ్ అక్కడే కింద కూలబడ్డాడు. "ఎట్టా తెచ్చాడో అట్టానే అన్నాడు గదయ్యా" అన్నాడు, మెల్లగా.

అప్పుడు తెలిసింది నాకు. అంతవరకూ ఆ మాటకు అర్థం విరగ్గొట్టకుండా పంపాలనే అనుకున్నాను. వచ్చినదానికంటే బాగుచేసి పంపితే మాట తప్పినట్టు ఎలా అవుతుంది? అయింది. ఊరంతటి ముందు ఆయన ఇచ్చిన మాటని గ్రైండరు పెట్టి లేపేశాను.

పెద్దాయన రావడానికి ఇంకా మూడు రోజులుంది. పోత కొలతలు చూసి మళ్ళీ గుంట చెక్కేద్దామన్నాడు భాయ్. నీ చేతికి అదెంత పని, ఎవరూ కనిపెట్టలేరు, ముదీర్‌కు, అదే మా మేనేజరుకు, తెలిస్తే వీసా ఖలాస్, ఆలోచించుకో అన్నాడు. నాకూ భయమే. ఇంటి మీద అప్పుంది, ఇద్దరు పిల్లల చదువుంది. ఉలి పట్టుకుని బండ ముందు రెండుసార్లు కూర్చున్నాను, రెండుసార్లూ లేచాను. పోలిక సరిగ్గానే వచ్చేది. అయినా అది నా ఉలి గుంటే అవుతుంది గానీ ఆ తల్లి చేతి గుంట అవదు. ఇదంతా పెద్ద నీతిమంతుడనని చెప్పడం లేదు. దొంగపని చేసి, దాన్ని మోస్తూ ఆయన పక్కన కూర్చుని పచ్చిపులుసు తాగే ఓపిక నాకు లేదు, అంతే.

ఆయన ఫుజైరా నుంచి నేరుగా షెడ్డుకే వచ్చాడు, బూట్ల నిండా క్వారీ దుమ్ముతో. భాయ్‌ని, ఇంజినీరును పిలిచి, నేనే ఆయన్ని బండ దగ్గరికి తీసుకెళ్ళాను. కళ్ళకంటే ముందు ఆయన చేతులు పోయాయి. గుంట ఉండాల్సిన చోట రెండు అరచేతులూ ఆనించాడు. అటూ ఇటూ జరిపాడు. ఎడమచెయ్యి ఇంకొంచెం కిందికి నొక్కి చూశాడు. ఇంజినీరు నా మీద అరబ్బీలో కేకలు మొదలుపెడితే, పెద్దాయన చెయ్యెత్తి ఆపాడు. ఎందుకు చేశావని అడిగాడు.

చెప్పాను. మా అమ్మ సంగతి, వాగు, బండ తినడం, గంట్లు కొట్టేవాళ్ళు, అన్నీ చెప్పాను. ఆ దేశంలో నోరు విప్పి మాది ఉతికే ఇల్లని చెప్పడం అదే మొదలు. నాలుగేళ్ళు నాతో కలిసి తిన్న భాయ్ కూడా అప్పుడే విన్నాడు. నా మొహం చూస్తూ, ఒక్కొక్క మాటా ఆగి ఆగి అరబ్బీలో చెప్పాడు. ఇంజినీరు కూడా గొంతు తగ్గించి ఫ్రెంచిలో చెప్పాడు.

పెద్దాయన చాలాసేపు బండ మీద నుంచి చేతులు తియ్యలేదు. తర్వాత ఏదో అన్నాడు.

"వాళ్ళమ్మ చూసుంటే సంతోషపడి ఉండేదంట" అన్నాడు భాయ్. ఇంజినీరు ఇంకో మాట చెప్పాడు. అదీ భాయ్ తెలుగులో చెప్పాడు. "అయితే ఆమె ఇంక ఉతకదు గదా, అంటన్నాడు."

కాళ్ళు పట్టుకుందామని వంగితే పట్టనివ్వలేదు. కుర్చీ తెప్పించుకుని బండ పక్కనే సాయంత్రం టీ వరకూ కూర్చున్నాడు. నేను నిలబడే ఉన్నాను. రాతిపొడి పారెయ్యలేదని, సంచిలో ఉందని భాయ్‌తో చెప్పించాను. పెద్దాయన సంచి తెప్పించి, గుప్పెడు తీసి, వేళ్ళ మధ్య రాల్చి చూశాడు. ఆ పొడి కలిపి భాయ్ అచ్చులోంచి ఇంకొక పోత పొయ్యమన్నాడు. గుంట ఇక మిగిలింది ఆ అచ్చులోనే కదా, మొదటి పోత దుబాయ్ బజారుది. ఆ సిమెంటు బండనే ఊరికి తీసుకెళ్తానని, అక్కడ జరిగింది జరిగినట్టు చెబుతానని అన్నాడు. ఎక్స్‌ట్రా పోత ఎందుకని ముదీర్ అడిగితే, తానే అడిగానని చెప్పి ఊరుకున్నాడట. నా వీసాకేమీ కాలేదు.

పోత బాగా వచ్చింది. అంచు దగ్గర ఒక గాలిబుడగ గుంట ఉంది. నా చెయ్యి దాని మీదికి పోయింది. వెనక్కి తీసుకుని జేబులో పెట్టుకున్నాను. చదును చేసిన అసలు బండ సంగతేమిటని అడిగితే, ఉతకడానికున్న రాయి, నువ్వే ఉంచుకుని ఉతుకు అన్నాడు. కోపంతో అన్నాడో, మంచితనంతో అన్నాడో ఇప్పటికీ తేల్చుకోలేదు. భాయ్, నేను కలిసి దాన్ని క్యాంపుకు మోసుకెళ్ళి బాత్రూముల వెనక పెట్టాం.

కొన్ని నెలల తర్వాత ఇంజినీరుకు ఒక ఫోటో వచ్చింది. కొత్త కప్పు, కింద పారే నీళ్ళు, వరసగా పన్నెండు బండలు, చివరిది కొంచెం నల్లగా. పెద్దాయన అన్నట్టే ఊరి ముందు నిలబడి నిజం చెప్పాడట. కొందరు కేకలేశారట. ఆ పెద్ద ముసలమ్మ వంగి, సిమెంటు గుంటలో చెయ్యి పెట్టి తడిమి, ఇది పెద్దాయన తల్లి గుంటేనని ఒప్పుకుందట. లేచి, నువ్వు మాట తప్పావు అని చెప్పి, ఆ రోజు నుంచి ఆయనతో మాట్లాడటం మానేసిందట. ఆయన రేవు వైపు పోవడం లేదని కూడా ఇంజినీరు చెప్పాడు. తప్పు నాది, వెలి ఆయనకు. ఆ ఫోటో నన్ను ఉంచుకోమన్నాడు గానీ తీసుకోలేదు.

చెయ్యి తిరిగినవాడికే ఇలాంటి తప్పు జరుగుతుంది. పని రానివాడైతే కడిగి పెట్టెలో పెట్టేసి టీ తాగడానికి పోయేవాడు.

రెండువేల ఎనిమిదిలో దుబాయ్ బజారు పని ఆగిపోయింది. మేం పోసిన పన్నెండు పోతలూ యార్డులోనే పడి ఉన్నాయి. వాటి మీద కూర్చుని అన్నాలు తినేవాళ్ళం. తర్వాత పగలగొట్టి ఎక్కడో గుంత పూడ్చారు. ఆ ఏడాది చివర్లో నన్నూ పొమ్మన్నారు.

క్యాంపులో వాషింగు మిషను ఉన్నా, ఆ రెండేళ్ళూ ప్రతి శుక్రవారం నా బట్టలు, భాయ్ బట్టలు ఆ బండ మీదే ఉతికాను. మా అమ్మలా నిలబడి బాదలేదు. గోనెసంచి వేసుకుని మోకాళ్ళ మీద కూర్చుని, ఎడమచెయ్యి ఆనించి, పెద్దాయన తల్లి కూర్చున్నట్టే కూర్చుని రుద్దాను. మోకాళ్ళు పోయాయి. వచ్చేసే రోజు వ్యాను హారన్ కొడుతుంటే, సంచి కింద పెట్టి వెనక్కి పోయాను. గుంట పడటం ఏమైనా మొదలైందా అని బండ మీద అరచెయ్యి పెట్టి ఈ చివర నుంచి ఆ చివర దాకా తడిమాను. ఎక్కడా ఏమీ తగల్లేదు. నేను చేసిన చదును చేసినట్టే ఉంది.